తాబేలు చావుకు సాక్ష్యం పలికిన కెమెరా

వాడరేవు: సంక్రాంతి వెళ్లిన తరువాత తెల్లవారుజామున వాడరేవు ఒడ్డున నడిచేవారికి ఆ దృశ్యం కొత్త కాదు. అలలు విడిచిపెట్టిన చెత్త, తెగిన వలముక్కలు, వాటి మధ్య కదలక మెదలక పడివున్న పెద్ద తాబేలు. చాలాసార్లు ఒంటిమీద గాయం కూడా ఉండదు. కాకులు ముందు కళ్ల దగ్గరకు వస్తాయి. కుక్కలు ఆ తరువాత వస్తాయి. రెండు రోజులకు వాసన భరించలేక ఎవరో ఒకరు ఇసుకలో గొయ్యి తీసి పూడ్చిపెడతారు. చీరాల నుంచి ఆదివారం షికారుకు వచ్చినవారు ముసలిదై చచ్చి ఉంటుందనుకుని ముక్కు మూసుకుని దాటిపోతారు.

అది ముసలిదై చావలేదు. నీళ్లలో మునిగి చచ్చింది. సముద్రంలో పుట్టి పెరిగే తాబేలు నీళ్లలో మునిగి చావడమేమిటని ఎవరికైనా అనుమానం రావచ్చు. తాబేలుకు చేపలాగా మొప్పలు లేవు. మనలాగే ఊపిరితిత్తులతో గాలి పీల్చుకోవాలి. కదలకుండా నిద్రపోతుంటే చాలాసేపు నీటి అడుగున ఉండగలదు గాని, వలలో చిక్కుకుని పెనుగులాడితే ఊపిరి త్వరగా అయిపోతుంది. మరబోటు ఒకసారి దించిన వలను గంటల తరబడి లాగుతుంది. వల పైకి వచ్చేసరికి తాబేలు ప్రాణం పోయి ఉంటుంది. బోటువాళ్లకు అది పనికిరాని బరువు. తిరిగి సముద్రంలో పారేస్తారు. అలలు దానిని తెచ్చి మన ఒడ్డున పెడతాయి.

ఈ చావును నడిసముద్రం నుంచి ఒడ్డు దాకా కెమెరాతో పట్టి దేశానికి చూపినవారిలో ముఖ్యులు మద్రాసుకు చెందిన వన్యప్రాణి చిత్ర నిర్మాత శ్రీ శేఖర్ దత్తాత్రి. 2003లో ఆయన తీసిన ఆ చిత్రం పేరు 'ద రిడ్లీస్ లాస్ట్ స్టాండ్'. రిడ్లీ తాబేలు ఆఖరి పోరాటం అని మన భాషలో చెప్పుకోవచ్చు. చిత్రీకరణ జరిగింది ఒడిశా తీరంలో. అయినా వాడరేవు మత్స్యకారులకు అందులో పరిచయం లేని వస్తువంటూ ఉండదు. అదే తాబేలు, అదే మరబోటు, అదే వల.

పుట్టింటికి వచ్చే ఆడపడుచు

ఆలివ్ రిడ్లీ అని పిలిచే ఈ తాబేలు రెండు, రెండున్నర అడుగుల పొడవు ఉంటుంది. బరువు 40, 50 కిలోల దాకా తూగుతుంది. పీతలు, నత్తలు, రొయ్యలు, జెల్లీ చేపలు తిని బతుకుతుంది. ఏడాదిలో ఎక్కువ కాలం ఎక్కడో దూర సముద్రాలలో తిరుగుతుంది. చలికాలం రాగానే జతకట్టడానికి, గుడ్లు పెట్టడానికి బంగాళాఖాతం తీరానికి చేరుతుంది. తాను ఏ తీరంలో పిల్లగా ఇసుకలోంచి బయటపడిందో, పెద్దదై మళ్లీ ఆ తీరాన్నే వెతుక్కుంటూ వస్తుందని శాస్త్రజ్ఞులు చెబుతున్నారు. పురుటికి పుట్టింటికి వచ్చే ఆడపడుచు వంటిదన్న మాట. మగ తాబేలు మాత్రం గుడ్డులోంచి వచ్చి నీళ్లలో దిగిన తరువాత మళ్లీ నేల మొగం చూసేది దాదాపు లేదు.

జనవరి నుంచి మార్చి దాకా రాత్రిళ్లు తల్లి తాబేలు ఒడ్డుకు ఎక్కుతుంది. అలల తడి తగలనంత దూరం పాకి, వెనక కాళ్లతో కుండలాంటి గొయ్యి అడుగున్నర లోతున తవ్వి, వంద పైచిలుకు గుడ్లు పెడుతుంది. ఇసుక కప్పి, ఒంటితో అదిమి చదును చేసి, వెనక్కి తిరిగి చూడకుండా సముద్రంలోకి వెళ్లిపోతుంది. పొదిగే పని సూర్యుడిది. 45 నుంచి 60 రోజులలో పిల్లలు బయటకు వస్తాయి. ఇసుక వేడి ఎక్కువైతే ఆడపిల్లలు, తక్కువైతే మగపిల్లలు పుడతాయన్నది శాస్త్రం తేల్చిన విచిత్రం.

రాత్రిపూట బయటకు వచ్చిన పిల్లకు సముద్రం ఎటు ఉన్నదో చెప్పేవారు ఎవరూ లేరు. ఎటు వెలుతురుంటే అటు నడుస్తుంది. చీకటి తీరంలో చుక్కల వెలుగు పడే నీళ్లే ప్రకాశంగా కనబడతాయి. ఇప్పుడు ఒడ్డునే హోటళ్లు, రిసార్టులు, వీధిదీపాలు వచ్చాయి. పిల్ల దారితప్పి దీపం వైపు నడిచి, తెల్లారేసరికి ఎండకు మాడిపోవడమో, కుక్క నోట పడడమో జరుగుతున్నది. అన్ని గండాలూ గడిచి సముద్రం చేరిన పిల్లలలో పెరిగి పెద్దయ్యేది వెయ్యికి ఒకటని సాధారణంగా లెక్క చెబుతారు. అందువల్ల మరబోటు వలలో ఒక తల్లి తాబేలు చచ్చిందంటే చచ్చింది ఒక తాబేలు మాత్రమే కాదు. వెయ్యి గండాలు దాటి వచ్చిన ఆ ఒక్కటే పోయింది.

వాడరేవు ఒకప్పుడు గుంటూరు జిల్లాలో ఉండేది. 1970లో ప్రకాశంలోకి, 2022లో బాపట్ల జిల్లాలోకి వెళ్లింది. జిల్లా పేరు రెండుసార్లు మారినా తాబేలు దారి మారలేదు. మన తీరంలో అవి ఒకటీ అరా వచ్చి గుడ్లు పెట్టిపోతాయి. గుంపులు గుంపులుగా వెళ్లేది మాత్రం ఒడిశాలోని గహిర్‌మఠ, రుషికుల్య తీరాలకు. 2025 ఫిబ్రవరిలో ఒక్క రుషికుల్య దగ్గరే దాదాపు 7 లక్షల తాబేళ్లు గుడ్లు పెట్టినట్లు లెక్క తేలింది. అన్ని లక్షలు ఉన్నవి ఎలా అంతరిస్తాయని అడిగేవారు లేకపోలేదు. ఒకేచోట ఇన్ని లక్షలు చేరడమే వాటి బలహీనత. అక్కడ పది బోట్లు వల దించితే ఎన్ని చస్తాయో ఊహించుకోవచ్చు.

పాముల పార్కులో ఓనమాలు

శ్రీ దత్తాత్రి కెమెరా పట్టక ముందు పాములు పట్టారు. పదమూడేళ్ల వయసులో మద్రాసు స్నేక్ పార్కులో స్వచ్ఛంద కార్యకర్తగా చేరారు. ఆ పార్కును స్థాపించిన శ్రీ రోములస్ విటేకర్ అమెరికాలో పుట్టి మన దేశంలో స్థిరపడి, 2018లో పద్మశ్రీ అందుకున్న సరీసృపాల నిపుణులు. పామును చూస్తే కర్ర అందుకునే రోజులలో, పాము మన పొలాలకు ఎలుకల కాపలాదారు అని జనానికి చెప్పడం ఆ పార్కు వారి పని. మద్రాసు తీరంలో రాత్రిళ్లు నడిచి తాబేలు గుడ్లు సేకరించి, భద్రమైన చోట పొదిగించే పని కూడా 1970లలో వారే మొదలుపెట్టారు. బడిలో చదివిన పాఠాల కంటే అక్కడ నేర్చినవే శ్రీ దత్తాత్రికి బతుకు బాట చూపాయనవచ్చు.

జాన్, లూయిస్ రైబర్ అనే అమెరికన్ దంపతులు పాముకాటు మీద చిత్రం తీయడానికి మద్రాసు వచ్చినప్పుడు ఆయన వారికి సహాయకుడుగా పనిచేశారు. చిత్రం తీయడం ఎలాగో చేతులతో నేర్చుకున్నది అక్కడే. తరువాత విటేకర్‌తో కలిసి, పాములు పట్టే ఇరుళ కులస్థుల సహకార సంఘం మీద 1987లో తీసిన చిత్రానికి జాతీయ బహుమతి వచ్చింది.

ఈ ఇరుళవారి సంగతి మన రైతులకు తెలియదగినది. మన వైపు ఎలుకలు పట్టే యానాదుల వంటివారే వారు. పాము చర్మాల వ్యాపారం చట్టం ప్రకారం ఆగిపోయి వారి నోటి దగ్గర కూడు పోయినప్పుడు, 1978లో విటేకర్ ప్రోద్బలంతో సహకార సంఘం పెట్టుకున్నారు. పామును చంపకుండా విషం తీసి, తిరిగి వదిలిపెట్టడం ఆ సంఘం వృత్తి. మిరప చేలోనో, పత్తి చేలోనో పాము కరిస్తే ఆసుపత్రిలో ఎక్కించే విరుగుడు మందు తయారీకి కావలసిన విషంలో పెద్ద భాగం ఏళ్ల తరబడి ఆ సంఘం నుంచే వెళుతున్నది. జంతువూ బతకాలి, దాని మీద బతికే మనిషీ బతకాలి అన్న సూత్రం ఆ మొదటి చిత్రాలలోనే ఉన్నది. తాబేలు దగ్గరకు వచ్చేసరికి ఆ సూత్రమే చిక్కుముడి అయింది.

కేరళలోని సైలెంట్ వ్యాలీ అడవిపై 1991లో తీసిన చిత్రం ఆయనకు పేరు తెచ్చింది. ఇంగ్లండు వెళ్లి ఆక్స్‌ఫర్డ్ సైంటిఫిక్ ఫిలింస్ సంస్థలో పని నేర్చుకున్నారు. ఆపై విదేశీ టెలివిజన్ సంస్థలకు పులులు, వర్షాకాలం, ఎలుకలు వంటి విషయాలపై చిత్రాలు తీశారు. డబ్బుకు, పేరుకు లోటు లేదు.

లోటు మరొకచోట కనబడింది. ఆ చిత్రాలను అమెరికాలోనో, లండన్‌లోనో సోఫాలలో కూర్చున్నవారు చూసి ఆనందిస్తున్నారు. ఇక్కడ అడవి మాత్రం తరుగుతూనే ఉన్నది. అడవిని ఉంచడమో, తీసివేయడమో నిర్ణయించే అధికారి, మంత్రి, న్యాయమూర్తి ఆ చిత్రాలు చూడడం లేదు. 2000 ప్రాంతంలో ఆయన ఆ మార్గం వదిలి, నిర్ణయించేవారి కోసమే చిత్రాలు తీయడం ప్రారంభించారు. గంట చిత్రం చూసే తీరిక పెద్దలకు ఉండదు గనుక కొన్నింటిని పది, పన్నెండు నిమిషాలకు కుదించారు.

మన కాలువల దాకా వచ్చిన కథ

ఆ పద్ధతికి తొలి పరీక్ష కర్ణాటకలోని కుద్రేముఖ్. జాతీయ పార్కు అయిన ఆ కొండలలో ప్రభుత్వ సంస్థ ఒకటి ఏళ్ల తరబడి ఇనుప ఖనిజం తవ్వుతున్నది. విపరీతంగా వానలు పడే ప్రదేశం అది. తవ్వి పోసిన మట్టి వానకు కొట్టుకుపోయి భద్రా నదిలో కలిసేది. భద్ర తుంగతో కలిసి తుంగభద్ర అవుతుంది. తుంగభద్ర వచ్చి కృష్ణలో కలుస్తుంది. నాగార్జునసాగర్ కుడికాలువ కింద మిరప వేసేవారు, కొమ్మమూరు కాలువ చివరన వరి నాటేవారు తమ నీటిలో ఒక పాయ ఆ కొండలలో పుట్టిందని ఎన్నడూ అనుకుని ఉండరు.

తవ్వకాల మీద అక్కడి వన్యప్రాణి సంరక్షకులు సుప్రీంకోర్టుకు వెళ్లారు. కాగితాల మీద ఎన్ని లెక్కలు రాసినా ఎర్రటి నీరు ఎర్రగా కనబడదు. శ్రీ దత్తాత్రి 2001లో తీసిన 'మైండ్‌లెస్ మైనింగ్' అనే పన్నెండు నిమిషాల చిత్రం ఆ లోటు తీర్చింది. 2002 అక్టోబరు 30న సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. 2005 ఆఖరుకు తవ్వకాలు ఆగిపోయాయి. తీర్పు మొత్తం చిత్రం వల్లనే వచ్చిందనడం న్యాయం కాదు. ఏళ్ల తరబడి కోర్టు చుట్టూ తిరిగినవారి శ్రమ అది. వారి చేతికి చిత్రం ఒక మంచి సాక్షిని ఇచ్చింది, అంతవరకు నిజం.

ఒడిశాలో ఏం చూపారు

తాబేలు చిత్రం ఆ తరువాతది. 1990లలో ఒడిశా తీరానికి ఏటా వేల సంఖ్యలో తాబేళ్ల కళేబరాలు కొట్టుకువచ్చేవి. పదేళ్లలో లక్ష దాటాయని లెక్కలు కట్టారు. గహిర్‌మఠను 1997లోనే సముద్ర అభయారణ్యంగా ప్రకటించినా, ఒడ్డుకు దగ్గరగా మరబోట్లు తిరగరాదని చట్టం ఉన్నా, నీళ్ల మీద ఆ చట్టాన్ని అమలుపరిచేవారు కొరవడ్డారు. చిత్రంలో ఒక పక్క వెన్నెల రాత్రి ఒడ్డు నిండా పాకే తాబేళ్లు, మరొక పక్క పగలు అదే ఒడ్డున వరుసగా పడివున్న కళేబరాలు కనబడతాయి. చూసినవారికి వేరే ఉపన్యాసం అక్కరలేదు. 2004లో ఆయనకు రోలెక్స్ అవార్డు లభించింది. ఆ తరువాత 2010లో పులుల మీద తీసిన చిత్రాన్ని ఉచితంగా పంచిపెట్టారు. పిల్లల కోసం తాబేలు మీద ఇంగ్లీషులో చిన్న పుస్తకం కూడా రాశారు.

ఒడిశా కథలో తెలుగువారి పాత్ర ఉన్నది. పూరీ నుంచి గంజాం దాకా సముద్రం మీద బతికే మత్స్యకారులలో తెలుగు మాట్లాడేవారు చాలామంది. ఒరియా వారు నోలియాలని పిలిచేది వారినే. రుషికుల్య దగ్గర తాబేళ్లు గుంపుగా గుడ్లు పెడతాయని శాస్త్రజ్ఞులు 1994లో గుర్తించిన తరువాత, అక్కడి మత్స్యకార పల్లెల యువకులే కాపలాకు దిగారు. పిల్లలు బయటపడే రాత్రిళ్లలో దీపాల వైపు తప్పిపోయిన వాటిని బుట్టలకు ఎత్తి నీళ్లలో వదులుతారు. ఇవాళ రుషికుల్యలో లక్షలలో తాబేళ్లు వస్తున్నాయంటే వారి కాపలాకు అందులో వాటా ఉన్నది. మరబోటు మాత్రం వారి చేతిలో లేదు.

వాడరేవులో మిగిలిన లెక్క

మన తీరంలో మత్స్యకారుడికి తాబేలు మీద పగ లేదు. కూర్మావతారమని దండం పెట్టి వలలోంచి విడిపించి వదిలేసే పెద్దలు ఇప్పటికీ ఉన్నారు. వల చిరిగితే నష్టం తనదే గనుక కొందరు విసుక్కుంటారు, అదీ సహజమే. ఒంటిచేత్తో వల లాగే నాటుపడవ వాడికి తాబేలు ప్రాణంతో ఉండగానే కనబడుతుంది, వదలడం సాధ్యం. నేల ఒరుసుకుంటూ గంటల తరబడి ఈడ్చుకుపోయే ట్రాల్ వలలో ఆ అవకాశం లేదు.

ఆంధ్రప్రదేశ్ చట్టం ప్రకారం ఒడ్డు నుంచి 8 కిలోమీటర్ల లోపు సముద్రం నాటుపడవల వారిది. మరబోట్లు ఆ గీత దాటి ఇవతలకు రాకూడదు. వస్తున్నాయన్న ఫిర్యాదు ఈ తీరమంతటా వినబడుతూనే ఉన్నది. ఇవతలకు వచ్చిన బోటు తాబేలునే కాదు, చిన్న పడవవాడి చేపనూ ఊడ్చుకుపోతుంది. వల కన్ను ఎంత ఉండాలన్న విషయం మీదనే 2020 డిసెంబరులో వాడరేవు, కఠారివారిపాలెం మత్స్యకారుల మధ్య సముద్రంలో మొదలైన తగవు ఒడ్డుమీద కొట్లాటగా మారింది. కూడు తగ్గినప్పుడు జరిగే తగవు అది. తాబేలును కాపాడే గీత, నాటుపడవవాడి చేపను కాపాడే గీత ఒకటేనన్న సంగతి ఆ గొడవలో ఎవరికీ గుర్తుకు రాలేదు.

రెండవ ఉపాయం వలకే ఉన్నది. టెడ్ అని పిలిచే సాధనాన్ని ట్రాల్ వల గొంతులో అమరుస్తారు. ఇనుప చువ్వల జల్లెడ వంటిది అది. రొయ్యలు, చిన్న చేపలు చువ్వల సందుల్లోంచి వెనక సంచిలోకి పోతాయి. తాబేలు చువ్వలకు తగిలి పక్కనున్న తలుపులోంచి బయటపడుతుంది. కొచ్చిలోని కేంద్ర మత్స్య సాంకేతిక సంస్థ మన బోట్లకు తగినట్లు దీనిని తయారుచేసింది. దానివల్ల పోయే రొయ్యలు బహుకొద్ది అని ఆ సంస్థ చెబుతుండగా, పెద్ద చేపలు కూడా ఆ తలుపులోంచే పోతాయన్నది బోటు యజమానుల బాధ. డీజిలు ధర పెరిగిన రోజులలో గంపెడు చేప పోయినా యజమానికి లెక్కే. దానిని తేలికగా కొట్టివేయలేం.

అయితే టెడ్ పెట్టకపోవడం వల్ల పోయింది అంతకంటే పెద్దది. తాబేళ్లను కాపాడే వలలు వాడడం లేదన్న కారణంతో అమెరికా 2019 నుంచి మన సముద్రపు రొయ్యను కొనడం ఆపింది. చెరువు రొయ్యకు ఆ నిషేధం లేదు గనుక తీరంలో వనామి చెరువులు తవ్వినవారికి నొప్పి తెలియలేదు. సముద్రం మీద బతికేవారి రొయ్యకే ధర పడిపోయింది.

2025 జనవరిలో చెన్నై తీరానికి వందల కొద్దీ తాబేళ్లు చచ్చి కొట్టుకువచ్చాయి. కాకినాడ తీరంలో చచ్చిన వాటిపై ఆంధ్రప్రదేశ్ ఉపముఖ్యమంత్రి విచారణకు ఆదేశించారు. బాపట్ల తీరంలో సూర్యలంక వైపు అటవీశాఖ వారు గుడ్లు సేకరించి, కంచె వేసిన ఇసుకలో పొదిగించి, పిల్లలను సముద్రంలో వదులుతున్నారు. బడిపిల్లలను పిలిచి వారి చేత వదిలిస్తే చూడముచ్చటగా ఉంటుంది. పత్రికలలో బొమ్మలు పడతాయి. గుడ్లు పెట్టవలసిన తల్లులే సముద్రంలో చస్తుంటే ఈ పొదుగుడు ఎన్నాళ్లు సాగుతుందన్నది ప్రశ్న.

శ్రీ దత్తాత్రి చిత్రం వచ్చి ఇరవై ఏళ్లు దాటింది. ఢిల్లీలో, భువనేశ్వర్‌లో, విదేశాలలో చూశారు. చూడవలసినవారు వాడరేవు, నిజాంపట్నం రేవులలో ఉన్నారు. బోటు యజమానులు, సరంగులు, వల కుట్టేవారు. మత్స్యశాఖ వారు రేవులో ఒక సాయంత్రం తెరకట్టి, తెలుగులో వివరం చెబుతూ చూపిస్తే ఖర్చు ఎంతో కాదు. చీరాల నుంచి అద్దెకు దొరికే ప్రొజెక్టరు, ఒక తెల్లగుడ్డ చాలు.

ఏటా వేట నిషేధం ఉన్నదిగా, తాబేళ్లకు అది చాలదా అని కొందరు అంటారు. ఆ నిషేధం ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా, 61 రోజులు. చేపలు గుడ్లు పెట్టే కాలాన్ని చూసి పెట్టింది. తాబేళ్లు జతకట్టడానికి తీరానికి చేరేది నవంబరు, డిసెంబరులలో. ఒడ్డుకు ఎక్కేది జనవరి నుంచి మార్చి దాకా. బోట్లు రేవులో లంగరు వేసేనాటికి తల్లి తాబేళ్లలో చాలాభాగం గుడ్లు పెట్టి వెళ్లిపోయి ఉంటాయి. వెళ్లలేనివి అప్పటికే ఒడ్డున ఉంటాయి.